అక్క గొంతు

"యాప్ సంతకానికి గడువు తీరింది. ఎక్కించడం కుదరదు."

పాత ఫోను నాలుగోసారీ అదే చూపించింది. మెకానిక్ తల పట్టుకున్నాడు.

ఆ ఫోను అతని అక్కది. ఆపరేషన్‌లో గొంతు పోయి మూడేళ్లయింది. బొమ్మ నొక్కితే మాట పలికే ఆ యాప్‌లోని మగగొంతే ఆమెకు నోరు. రిపేరు చేస్తూ అతనే దాన్ని చెరిపేశాడు.

కంపెనీకి ఫోన్ చేస్తే, "కొత్త ఫోను కొనండి, కొత్త యాప్ వస్తుంది" అన్నారు.

కొత్తదానికి మన భాష రాదు.

షాపు బెంచీ మీది పెద్దాయన ఒక చీటీ జరిపాడు. మెడకు మఫ్లరు, నోట మాట లేదు. రోజూ వచ్చి ఊరికే కూర్చుంటాడు. మెకానిక్ ఆయనకు మౌనస్వామి అని పేరు పెట్టాడు.

"ఫోనులో తేదీ ఆరేళ్లు వెనక్కి తిప్పు. ఎక్కించాక మామూలుగా పెట్టేయ్."

"తేదీ తిప్పితే తాళం ఊడుతుందా స్వామీ? అలాగైతే ముందు నా బట్టతలకి తిప్పుతా."

తిప్పాడు. యాప్ ఎక్కింది.

"తమ్ముడూ, ఆకలేస్తోంది" అంది ఫోను, పక్కనే ఉన్న అక్క బొమ్మ నొక్కగానే.

అక్క కళ్లతో నవ్వింది. పెద్దాయన చెయ్యి మఫ్లరు మీదికి పోయింది.

ఆ కబురు ఆ నోటా ఈ నోటా పాకింది. మాట లేనివాళ్లు పాత ఫోన్లు పట్టుకుని వచ్చారు. పెద్దాయన అందరికీ ఎక్కించి ఇచ్చాడు.

నెల తిరక్కుండా కంపెనీ ఆఫీసరు దిగాడు.

"మా తాళం దాటిస్తున్నదెవరు? చెప్తే నీ షాపుకి మా సర్వీస్ సెంటర్ బోర్డు. చెప్పకపోతే నీ మీద కేసు."

మెకానిక్ గడ్డంతో బెంచీ వైపు చూపించాడు.

"ఆయనే సార్. నాకేం తెలీదు."

పెద్దాయన అతని వంక ఒక్కసారి చూశాడు. ఒక చీటీ రాసి, తాగని టీ గ్లాసు కింద పెట్టి, ఆఫీసరు వెంట కారెక్కాడు.

"అక్క ఫోను జాగ్రత్త" అని ఉంది అందులో.

మూడోరోజు బోర్డు బిగిస్తుంటే ఆఫీసరు అన్నాడు.

"ఆ యాప్ చేసిందే ఆయనయ్యా. తర్వాత మా కంపెనీ కొనేసింది. ఆపరేషన్‌లో తన గొంతు తీసేస్తారని తెలిసి, అంతకుముందు వారం యాప్‌లోని మాటలన్నీ తనే రికార్డు చేశాడట."

మెకానిక్ చేతిలో స్క్రూడ్రైవర్ ఆగిపోయింది.

అప్పుడే అన్నం క్యారేజీతో వచ్చిన అక్క, ఖాళీ బెంచీని చూసి ఫోను నొక్కింది.

"ఎక్కడున్నారు?" అని అడిగింది, ఆయన గొంతుతో.