ఏ వేలు?

మణికట్టు దగ్గర తెగిన నరానికి న్యూరోరఫీ చేశారు. "అంటే నరానికి కుట్లు వేయడమండీ. వేళ్ళకి స్పర్శ రావడం, రాకపోవడం ఇక దాని ఇష్టం," అన్నాడు డాక్టరు.

మా ఆవిడ రోజూ నాచేత కళ్ళు మూయించి, ఒక వేలు పట్టుకునేది.

"ఏ వేలండీ?"

తోచింది చెప్పేవాణ్ణి.

"కరెక్టే. ఇక మీ గుండీలు మీరే పెట్టుకోవచ్చు. నాకు చాకిరీ తప్పింది."

ఆవిడ పోయాక మళ్ళీ ఇవాళే ఆసుపత్రికి వెళ్ళాను. డాక్టరు కళ్ళు మూసుకోమన్నాడు.

"ఇది ఏ వేలు?"

"చూపుడు వేలు."

"ఇది?"

"ఉంగరం వేలు."

ఆయన కళ్ళు తెరవమన్నాడు. "రెండుసార్లూ బొటనవేలే పట్టుకున్నానండీ."

"మా ఆవిడ దగ్గర ఒక్కటీ తప్పలేదు," అన్నాను.

డాక్టరు నా చొక్కా చెయ్యి కిందికి దింపి, గుండీ తనే పెట్టాడు.