వేడినీళ్ళ సంచికి తొడుగు

“కీళ్ళనొప్పులు తగ్గాకే మళ్ళీ సూది పడతానండీ,” అన్నాడు టైలర్ మాస్టారు, వాచిన వేళ్ళు చూపిస్తూ.

“ఆ పాట వినలేకే లాక్కొచ్చానమ్మా. కత్తెర అటకెక్కించేశారు,” అంది భార్య.

ఆస్పత్రి కౌన్సెలర్ కుర్చీలో అటూ ఇటూ కదిలి, వీపు వెనకనుంచి వేడినీళ్ళ సంచి తీసి బల్ల మీద పెట్టింది.

మాస్టారు నోరెళ్ళబెట్టాడు. “మీకూ నొప్పేనా?”

“ఏళ్ళ తరబడి నడుంనొప్పి.”

“మీదే తగ్గలేదు, నాదేం తగ్గిస్తారు?”

“తగ్గిస్తానని నేనెప్పుడన్నాను? అది ఉండగానే బతకడం నేర్పుతాను.”

“బాగానే ఉంది సంబడం!” అని భార్యని కొరకొరా చూశాడు. చూపు తిరిగొచ్చి సంచి మీద పడింది. దాని చుట్టూ పాత తువ్వాలు, తువ్వాలు నిండా పిన్నీసులు. మాస్టారికి ఒళ్ళు మండిపోయింది.

“ఇదేం తొడుగమ్మా! ఇలా తెండి. రేపటికి కుట్టి తెస్తా.”

“నొప్పులు తగ్గాకా?” అంది భార్య.

“అప్పటిదాకా ఆవిడకి పిన్నీసులు గుచ్చుకోవాలా?”

కొలవడానికి జాన చాచాడు. వేళ్ళు కలుక్కుమన్నాయి.

“కానియ్. నీ పని నువ్వు చూసుకో, నా పని నేను చూసుకుంటా,” అని నొప్పిని కసిరి, మళ్ళీ జాన చాచాడు.