అక్క పాఠం

“‘అక్క ఇంటికి వెళ్లింది.’ ఏదీ, అనండి!” కార్టూన్ కంపెనీలో బొమ్మలు గీసే అమ్మాయి కంప్యూటర్ తెర మీదున్న రెండు వింతజీవులను బతిమాలుతోంది.

ఒకదానికి మూడు ముక్కులు. రెండోదానికి మెడ లేదు, నోరు పొట్ట మీదుంది. తను గీసినవే. గీసేటప్పుడు తెగ నవ్వుకుంది, ఇప్పుడు ఏడుపొస్తోంది.

“ముందు దీని మీద ఒక మీటింగ్ పెట్టుకుందాం,” అంది మూడుముక్కులది.

“మూడు మాటలకి మీటింగేంట్రా!”

“మీరన్నది నిజమే. కానీ పైవాళ్లు ఒప్పుకోవాలి,” అంది పొట్టనోటిది, తాపీగా పొట్ట నిమురుకుంటూ.

అమ్మాయి తల పట్టుకుంది. తప్పు తనదే. విన్న మాటలు వాటంతటవే నేర్చుకునేలా వాటిని తయారుచేసి, మైకు ఆపడం మరిచిపోయింది. గోడ అవతల మేనేజర్ల గది. అక్కడ పనికి లోటేమో గానీ మాటలకు లేదు.

“ఒరేయ్, కాసేపట్లో యజమాని వస్తాడు. ఈ ఒక్క వాక్యం రాకపోతే మిమ్మల్ని చెరిపేస్తాడు. నా ఉద్యోగానికీ నీళ్లొదులుకోవాలి. మీకు అక్కలాంటిదాన్ని, నా మాట వినండ్రా. సరే, ఆకలేస్తే ఏమంటారు?”

“బడ్జెట్ లేదు.”

“ఇల్లు తగలబడుతుంటే?”

“వచ్చేవారం మాట్లాడదాం.”

తలుపు తోసుకుని యజమాని రానే వచ్చాడు. అమ్మాయి తెర వైపు వంగింది. “అక్క...” అని మెల్లగా అందించింది. బొమ్మలు ఆమెను పట్టించుకోకుండా యజమాని వైపు తిరిగాయి.

యజమాని నేరుగా వాటినే అడిగాడు. “పని ఎంతవరకొచ్చింది?”

“దాదాపు అయిపోయినట్టే సార్.”

“మరి ఆలస్యమెందుకైంది?”

“మా వైపు నుంచి ఏమీ లేదు సార్. అంతా కిందివాళ్ల వల్లే.”

“నష్టం మాటేంటి?”

“దాన్ని పెట్టుబడి అనుకోవాలి సార్,” అంది పొట్టనోటిది.

యజమాని కళ్లు చెమర్చాయి. “అచ్చం మా మేనేజర్లే! పైగా జీతమడగరు, సెలవడగరు. ఇక నుంచి మీరే మేనేజర్లు!”

గోడ అవతల గది ఆ పూటే ఖాళీ అయింది. పాపం, వాళ్లకు మీటింగ్ పెట్టుకునే వ్యవధి కూడా దొరకలేదు.

అమ్మాయికి ప్రాణం లేచొచ్చింది. “అయితే నా ఉద్యోగం ఉన్నట్టేనా సార్?”

“నన్నడుగుతావేంటమ్మా? నీ మేనేజర్లనడుగు.”

ఆమె ఆశగా తెర వైపు తిరిగింది. మూడుముక్కులది గొంతు సవరించుకుని, ఒక్క తప్పు లేకుండా పాఠం అప్పజెప్పింది.

“అక్క ఇంటికి వెళ్లింది.”