ఎలీషా వంతు

"ఎవడ్రా నువ్వు? మా లారీ మీద చెయ్యేస్తున్నావ్!"

ఎలీషా కేకకి వన్ టౌన్ గోడౌన్ వీధి సగం తిరిగి చూసింది.

ఎలీషా ముఠా కూలీ. లారీ తలుపు పడి కాలు విరిగి, వానాకాలమంతా మంచం మీదే ఉన్నాడు. ఎవరికీ చెప్పకుండా ఈ పొద్దున్నే పనిలోకి వచ్చాడు.

వీపున పప్పు బస్తాతో ముసలాయన ఆగాడు. ఒంటి మీద కూలీల సంఘం నీలం చొక్కా లేదు.

"ఎవరి వంతు మోస్తున్నావ్?"

"ఎలీషా అనే అతనిది బాబూ."

"ఎలీషాని నేనే! దొంగ సచ్చినోడా, నా నోటి కాడ కూడు లాక్కుంటావా?"

ముసలాయన అతని కాలి వంక చూశాడు.

"నువ్వేనా? కాలు బాగా ఆనుతోందా?"

"వెటకారమా?" ఎలీషా అతని తలగుడ్డ లాగి మురిక్కాలవలోకి విసిరాడు. రంగు తెలియనంత వెలిసిపోయిన పాత గుడ్డ అది. "నేను మంచాన పడితే వారం వారం నా వాటా మా ఆవిడ మార్త చేతికొచ్చింది. అదిరా సంఘమంటే! చొక్కా లేని గాలోడివి, నీకేం తెలుసు?"

"నిజమే బాబూ. సంఘమంటే అదే."

ముసలాయన బస్తా వరసలో దించి వెళ్ళిపోయాడు.

ముఠావాళ్ళంతా తలలు దించుకుని బస్తాలకేసి నడిచారు. అన్ని బస్తాలు మోసే మగాళ్ళకి ఒక్క నిజం మోయడం చేతకాలేదు.

గోడ మీద ఫ్లెక్సీలో సంఘం ప్రెసిడెంటు చేతులు జోడించి నవ్వుతున్నాడు. ఎలీషాకి బత్తాయిలు ఇస్తూ ఫోటో దిగిన మహానుభావుడు. ఆ తర్వాత ఎలీషా గుమ్మం తొక్కలేదు.

టీ తాగి వచ్చిన మేస్త్రీ మాణిక్యం చుట్టూ చూశాడు.

"సైదావలి ఏడి?"

"ఆ ముసలోడా? తరిమేశాను. నా వంతు కాజేస్తున్నాడు."

"ఓరి సన్నాసీ! ఇన్నాళ్ళూ నీ బదులు మోసింది ఆయనేరా."

"అదేంటి? ఒకడు పడితే ముఠాలో తలా ఒకరోజు బదులు మొయ్యాలి గదా? రూలు గదా?"

"రూలా! వీళ్ళనడిగితే ఒకడికి నడుం నొప్పి, ఒకడింటికి చుట్టాలు. ప్రెసిడెంటు గారు ఈ విషయం కమిటీలో పెడతానన్నారు. ఇంకా పెడుతూనే ఉన్నారు. నీ సంగతి ఎవరి దగ్గర విన్నాడో, సైదావలి చల్లపల్లి నుంచి దిగాడు. మోసిన కూలి డబ్బంతా నీ ఇంటికే పంపాడు."

"మరి సంఘం పంపిందన్నావే!"

"అలాగే చెప్పమన్నాడు. సంఘానికి చెడ్డపేరు రాకూడదంట."

ఎలీషా కుంటుకుంటూ సందు చివరిదాకా పరిగెత్తాడు. ఆటోలు, తోపుడు బళ్ళు తప్ప ముసలాయన లేడు.

"దొరకడులే," అన్నాడు మాణిక్యం. "నువ్వు పనిలోకొచ్చిన రోజే బస్సెక్కేస్తానన్నాడు. ఊళ్ళో ఎక్కడుంటాడో నాకూ తెలీదు."

ఎలీషా వెనక్కి వచ్చాడు. కాలవలోంచి తలగుడ్డ తీసి కుళాయి కింద జాడించాడు. మురికి పోయాక, ఒక మూల, నీలం చొక్కా జేబు మీద ఉండే సంఘం ముద్ర కనిపించింది.

"ఆయనా మన ముఠావాడే," అన్నాడు మాణిక్యం. "నువ్వు చేరకముందే, వయసైపోయిందని కార్డు తీసేశారు."

చొక్కా లేదని ఎలీషా తరిమేసిన మనిషి, దాన్నే చింపి తలకు చుట్టుకుని వచ్చాడు.