గోడ మీది ఊరు

పునరావాస కాలనీలో సాయంత్రమైతే ప్రతి ఇంటి గోడా ప్రాజెక్టులో మునిగిన ఊరిని చూపిస్తుంది. అది గోడ తనంతట తాను గీసిన ఊరు. చూసేవాళ్లకు నచ్చేట్టు రోజుకింత దిద్దుకుంటుంది. ఊరు మునగకముందు తాను తీసిన సినిమాను భద్రమ్మ ఈరోజు అదే గోడ మీద వేసింది. అందులో ఇప్పచెట్టు కింద పూలు ఏరుతున్న మనిషిని చూసి పోతమ్మ మొహం చిట్లించింది.

"ఎవరే ఆమె?"

"నువ్వే పిన్నీ. మన పెరడే అది."

"పోవే! మన పెరట్లో కొబ్బరిచెట్లు గదా ఉండేయి. ఇది తీసేసి మనూరు పెట్టు."

భద్రమ్మ సినిమా ఆపేసింది. గోడ మీద కొబ్బరాకులు ఊగాయి. పోతమ్మ మొహం విచ్చుకుంది.

భద్రమ్మ అన్నం వార్చడానికి లేచింది. గంజి వారుస్తూ, కళ్లు మూసుకుని ఆ ఇప్పచెట్టును తలచుకోబోయింది.

కొబ్బరిచెట్లే కనిపించాయి.