పక్కింటి చప్పుడు

"మీరు రాకుండా నాకు ముద్ద దిగదండీ," అంటూ కథానాయిక మిసో పులుసు గిన్నె అందించిందో లేదో, వెదురు దడి అవతల ఓ ముసలి గొంతు లేచింది.

"తింటే తిను, లేదంటే కాకులకు పడేస్తాను. ముల్లంగి ఊరగాయక్కూడా వంకలేనా నీకు?"

"కట్," అన్నాడు డైరెక్టరు నీరసంగా. ఎనిమిదో టేకు. తీస్తున్నది అన్యోన్య దాంపత్యం మీద సినిమా. తెరమీద బొమ్మలకు కొత్తగా మాటలొచ్చిన రోజులు. మైకు దేన్నీ వదలడం లేదు. టోక్యో శివార్లలో ఈ ఇల్లు ప్రశాంతంగా ఉంటుందని వెతికిపెట్టినవాడు అసిస్టెంటు కురమోచి.

"కురమోచీ, పొద్దు వాలుతోంది. ఈసారి ఆ గొంతు వినబడిందా, రేపట్నుంచి నువ్వు రానక్కర్లేదు."

కురమోచి కాళ్ళీడ్చుకుంటూ పక్కింటికి వెళ్ళాడు. ముసలాయన కిసబురో పెరట్లో ఎక్కడో చెక్కచెప్పులు చెక్కుతున్నాడు. ఆయన భార్య ఒత్సునే గరిటెతో ఎదురొచ్చింది.

కురమోచి నడుం దాకా వంగాడు. "అమ్మగారూ, ఒక్క అరగంట అయ్యగారిని తిట్టకుండా ఉంటారా? పక్కన సినిమా తీస్తున్నాం."

"దేని గురించి?"

"మొగుడూ పెళ్ళాల సఖ్యత గురించండి."

"అందులో పెళ్ళాం మొగుణ్ణి ఏమీ అనదా?"

"అనదండి."

"మరి మీ ఇంట్లో?"

ఈ ప్రశ్న అతను ఊహించలేదు. "మా ఆవిడ నెమ్మదస్తురాలండి. నెల్లాళ్ళుగా నన్ను ఒక్క మాటా అనలేదు," అన్నాడు, కాస్త గర్వంగానే.

ఒత్సునే అతణ్ణి ఎగాదిగా చూసింది. ఏదో అనబోయి మానేసి, లోపలికి వెళ్ళిపోయింది.

తొమ్మిదో టేకుకు పిట్ట కూడా కూయలేదు. కథానాయకుడు పులుసు జుర్రాడు, కథానాయిక తల వంచుకుని నవ్వింది. డైరెక్టరు "చాలు" అన్నాడు. అందరూ సామాన్లు సర్దుకుంటుంటే కురమోచి మెట్టుమీద కూలబడ్డాడు. లేచే ఓపిక లేదు. ఇంటికి వెళ్ళాలన్న తొందరా లేదు.

దడి తలుపు కిర్రుమంది. కిసబురో వచ్చాడు, ఒక కాలికే చెప్పుంది. మొహాన కత్తివేటుకు నెత్తురుచుక్క లేదు.

"బాబూ, ఇందాక మా ఆవిడతో ఏమన్నావు?"

"ఏమీ అనలేదు తాతగారూ. ఏమైందండీ?"

"అరగంటైంది, ఒక్క తిట్టూ లేదు. నలభై ఏళ్ళ కాపురంలో దానికి నామీద ఇంత కోపం రాగా నేనెప్పుడూ చూళ్ళేదయ్యా."