వాసన చూసే మనిషి

"ఎప్పుడు కోశావు బాబాయ్?" మాంసం ముక్కను ముక్కు దగ్గర పెట్టుకుని అడిగాడు ప్రేమ్ కుమార్.

"పొద్దున ఐదింటికి. మూడోసారి చెబుతున్నా."

"ఫ్రిజ్‌లో పెట్టింది కాదుగా?"

మౌలాలి కత్తిని మొద్దు మీద పడేశాడు. "పొట్టేలు తోకతో సహా నీ ఎదురుగానే వేలాడుతోంది. చెయ్యి పెట్టి చూడు, ఇంకా వెచ్చగానే ఉంది. తెనాలిలో ముప్పయ్యేళ్లుగా కొట్టు నడుపుతున్నా. ఇంత అనుమానం ఎవరికీ రాలేదయ్యా!"

చర్చి నుంచి నేరుగా వచ్చినవాళ్లంతా వెనకాల నిలబడి చూస్తున్నారు. లిడియాకు తల కొట్టేసినట్టయింది.

"ఆయన గల్ఫ్ నుంచి వచ్చి నెలే అయింది, ఏమీ అనుకోకండి బాబాయ్ గారూ," అని భర్త వైపు తిరిగింది. "పన్నెండేళ్లు అక్కడ మాంసం గోడౌన్లోనే చేశారు. ఓడల్లో వచ్చిన గడ్డకట్టిన మాంసం తిన్నారు. ఇంత తాజాది పట్టుకుని ఏంటండీ ఈ గోల?"

"నేను తినలేదు."

"అదేంటి? ప్రతి ఆదివారం ఫోన్లో మటన్ తిన్నానన్నారుగా?"

"పప్పు తిన్నాను." ప్రేమ్ ముక్కను పళ్లెంలో పెట్టేశాడు. "ఆ దేశంలో గడ్డిపరక మొలవదు. మాంసమంతా బయటినుంచే రావాలి. ఓడ ఆలస్యమై గడువు దాటిపోతే, అట్టపెట్టెల మీద తేదీని థిన్నర్‌తో తుడిచి కొత్తది వేసేవాళ్లు."

"ఛీ! ఎవరండీ ఆ పని చేసేది?"

"నేనే."

మౌలాలి మళ్లీ కత్తి అందుకోలేదు.

"ఎప్పటిదని అక్కడ ఒక్కళ్లూ అడగలేదు లిడియా," అన్నాడు ప్రేమ్. "అడిగితే చెప్పేద్దామని పన్నెండేళ్లు చూశాను."